బాచో పేటర్: పదేళ్ళు పెట్టెలో పడున్న సినిమా, దాన్ని తీసిన రచయిత

రీలుపెట్టె:
హంగరీ సినిమా అనగానే మన ఫిల్మ్ సొసైటీ జనాల నోట్లో ఆడేవి రెండే పేర్లు, యాంచో, సాబో. ఒకాయనవి పొడుగు పొడుగు షాట్లు, ఇంకొకాయనకి ఆస్కార్. అక్కడితో మన జ్ఞానం ఆగిపోతుంది. కానీ హంగరీలో మామూలు జనం రోజువారీ మాటల్లో వాడుకునే డైలాగులు వీళ్ళ సినిమాల్లోవి కావు, బాచో పేటర్ 1969లో తీసిన 'సాక్షి' లోవి. (బాపు గారి సాక్షి అనుకునేరు, అది 1967, గోదారి. ఇది దాన్యూబ్.)

ఈయన గురించి తెలుగులో ఎవరూ రాసినట్టు కనపడలేదు, అందుకే మొదలుపెడుతున్నా. 1928లో కష్షాలో పుట్టాడు, ఇప్పుడది స్లొవాకియాలో ఉన్న కోషిత్సే. తల్లి పలొతయ్ బోరిష్ పేరున్న రచయిత్రి, అంటే ఇంట్లోనే కాగితం, కలం. పంతొమ్మిదేళ్ళకే రద్వాని గేజా యుద్ధం తర్వాత అనాథ పిల్లల మీద తీసిన సినిమాకి అసిస్టెంటుగా చేరాడు. 1950లో సినిమా, నాటక అకాడమీ నుంచి బయటికొచ్చాడు. ఆ తర్వాత పదేళ్ళకు పైగా స్క్రిప్టులు రాయడం, వేరేవాళ్ళ స్క్రిప్టులు సరిచేయడం, ఇదే పని. సొంతంగా మొదటి సినిమా తీసింది 1963లో. ఆరేళ్ళకి 'సాక్షి' తీశాడు, దాన్ని ప్రభుత్వం తొక్కిపెట్టింది, 1979 దాకా జనం చూడలేదు.

నా ప్రశ్న ఒకటే. ఈయన దర్శకుడైన రచయితా, లేక మెగాఫోన్ పట్టుకున్నా చివరిదాకా రచయితగానే ఉండిపోయాడా?

నల్లకుంట_నైట్‌షో:
రెండోదే. చూసినంతవరకు చెప్తున్నా, ఆయన ఫ్రేములో గుర్తుండిపోయేది ఏదీ లేదు. కెమెరా మనుషుల ముందు పెట్టి మాట్లాడించాడు, అంతే. 'సాక్షి' నిలబడింది మాటల మీద, ఇద్దరు నటుల మీద. యాంచో గుర్రాలని మైదానంలో తిప్పుతూ అదే అధికారం గురించి మాట లేకుండా చెప్పాడు. ఈయనకి మాట కావాలి.

డైలాగ్_రామం:
నైట్‌షో బ్రదర్, మాట కావాలి అనడం తిట్టెప్పుడైంది? మన దగ్గర జంధ్యాల గారిని కూడా ఇలాగే అనేవాళ్ళు, ఏముంది మాటలే కదా అని. నేను కథా చర్చల్లో కూర్చునేవాణ్ణి, రచయిత దర్శకుడైతే ఏం మారుతుందో దగ్గర్నించి చూశా. సెట్లో పేజీ మీద పెత్తనం ఆయనదే కాబట్టి డైలాగు ఎక్కడ ఆపాలో ఆయనే ఆపుతాడు. 'సాక్షి'లో నవ్వంతా ఆ ఆపడంలోనే ఉంది.

కానీ అంతకంటే ముందు ఆయన వేరేవాళ్ళకి రాసినవి చూడాలి. ఫాబ్రి జోల్తాన్ అని పెద్ద దర్శకుడు, ఆయనకి బాచో 1958లో 'అన్నా' స్క్రిప్టులో పని చేశాడు, కొస్తొలాని అనే రచయిత నవల. ఓ పనిపిల్ల, మర్యాదస్తుల ఇల్లు, ఆ పిల్ల చివరికి కత్తి పట్టుకోవడం. తర్వాత 1961లో 'నరకంలో రెండు హాఫ్‌టైములు'. 1944లో యుక్రెయిన్ దగ్గర బలవంతపు చాకిరీ దళంలో ఉన్న హంగరీ ఖైదీలని హిట్లర్ పుట్టినరోజుకి జర్మన్లతో ఫుట్‌బాల్ ఆడమంటారు. ఆడినందుకు తిండి ఎక్కువ పెడతారు, ఆ ఆశతో ఆట రానివాడు కూడా జట్టులో దూరతాడు. పారిపోవాలని చూస్తారు, దొరికిపోతారు. అయినా ఆడాల్సిందే. చివర్లో గెలుస్తారు, గెలిచినందుకే చస్తారు. ఆ స్క్రీన్‌ప్లే ఎంత పకడ్బందీగా ఉంటుందంటే మ్యాచ్ మొదలయ్యేసరికి గెలవాలని కోరుకోవాలో ఓడాలని కోరుకోవాలో మనకే తెలీదు.

అమ్ములు_చూసింది:
ఇది స్టాలోన్, పెలే ఉన్న హాలీవుడ్ సినిమా కథ కదా?? జైల్లో ఫుట్‌బాల్ మ్యాచ్, జర్మన్లు...

డైలాగ్_రామం:
అవునమ్మా, జాన్ హ్యూస్టన్ తీసిన 'ఎస్కేప్ టు విక్టరీ', 1981. ఈ హంగరీ సినిమా నుంచే ప్రేరణ అని అందరూ ఒప్పుకున్నదే. తమాషా ఏంటంటే దాన్ని తీసింది కూడా బుడాపెస్ట్‌లోనే. అందులో మాత్రం జనం మైదానంలోకి దూసుకొస్తారు, ఆటగాళ్ళు తప్పించుకుంటారు, చప్పట్లు. బాచో రాసినదాంట్లో తప్పించుకోవడం అనేది లేదు.

దునా_గట్టు:
నేను ఇక్కడ బుడాపెస్ట్‌లో ఉద్యోగం చేస్తున్నా కాబట్టి కొంచెం చెప్తా. ఆఫీసులో ఏదైనా పని నాసిరకంగా తయారై వస్తే, దాన్నే గొప్పగా ఎవరైనా చూపిస్తే, పక్కన కూర్చున్నవాడు వెంటనే అంటాడు: 'కాస్త పసుపు ఎక్కువ, కాస్త పులుపు ఎక్కువ, కానీ మనదే'. మొదట్లో నాకు అర్థం కాలేదు, అందరూ ఎందుకు నవ్వుతున్నారా అని. అది 'సాక్షి'లో నారింజ పండు సీను.

సినిమా చూడనివాళ్ళ కోసం కథ: స్టాలిన్ దారిలో దేశాన్నేలిన కమ్యూనిస్టు నియంత రాకోషి జమానా, 1949 ప్రాంతం. పెలికాన్ యోజెఫ్ అని దాన్యూబ్ గట్టు కాపలాదారు. పాత కమ్యూనిస్టు, అమాయకుడు, ఇంటి నిండా పిల్లలు. తిండికి లేక ఇంట్లో పందిని దొంగచాటుగా కోస్తాడు. ఆ రోజుల్లో అనుమతి లేకుండా సొంత పందిని కోయడం కూడా నేరమే, పట్టుబడితే జైలు. యుద్ధంలో తను దాచిపెట్టి కాపాడిన పాత స్నేహితుడు దానియెల్ ఇప్పుడు మంత్రి, చూడ్డానికొస్తాడు, ఆ హడావిడిలో మాంసం బయటపడిపోతుంది. జైలు. అక్కణ్ణించి కామ్రేడ్ విరాగ్ అనే పెద్దమనిషి ఇతన్ని విడిపించి పెద్ద పెద్ద ఉద్యోగాలిస్తాడు. ఈత కొలను డైరెక్టర్, అమ్యూజ్‌మెంట్ పార్కు డైరెక్టర్, ఆఖరికి నారింజ పరిశోధనా సంస్థ డైరెక్టర్. నాకేం తెలీదు బాబోయ్ అంటే వినరు. ప్రతి ఉద్యోగంలోనూ ఏదో ఒక ఘోరం జరుగుతుంది, మళ్ళీ జైలు, మళ్ళీ విరాగ్ విడిపిస్తాడు. కొలనులో పెద్ద నాయకుడు కామ్రేడ్ బాష్త్య ఒక్కడే ఈదుతుంటే, బయట క్యూలో నిలబడ్డ జనాన్ని చూసి పెలికాన్ జాలిపడి తలుపు తీసేస్తాడు! అది హత్యాయత్నం కింద లెక్క.

నారింజ సంగతి: హంగరీ నేలలో కాచిన మొట్టమొదటి నారింజ. పండగ, బ్యాండు, నాయకులు. సరిగ్గా ఆ టైముకి పెలికాన్ పిల్లాడు పండు తినేస్తాడు. దాంతో నిమ్మకాయ తెచ్చి నాయకుడి చేతిలో పెడతారు. ఆయన కొరికి మొహం అలా ఇలా పెట్టి ఇదేంటంటే, అప్పుడు పెలికాన్ అనే మాట అది. ఇది ఎంత పాతుకుపోయిందంటే 1989లో పెట్టిన ఒక వారపత్రిక పేరే 'హంగరీ నారింజ', ఇప్పటికీ వస్తోంది.

కోటిపల్లి_రేవు:
గట్టు కాపలా అంటే మా కాలవల మీద లస్కరు ఉద్యోగం లాంటిదన్నమాట! వరద లేనంతకాలం వాడున్నాడని ఎవరికీ గుర్తుండదు. అలాంటివాణ్ణి పట్టుకుని డైరెక్టర్ని చేయడం, అబ్బ, ఆ ఐడియాకే దండం పెట్టొచ్చు. కానీ ఒకటి అర్థం కాలా, ఆ విరాగ్ ఎందుకు ఇతన్ని అన్నిసార్లు కాపాడతాడు? ఏం లాభం?

దునా_గట్టు:
అదే కదండీ కథ. సినిమా పేరు సాక్షి. మంత్రి దానియెల్ మీద గూఢచారి కేసు పెట్టారు, దానికి సాక్ష్యం చెప్పడానికి పాత స్నేహితుడు కావాలి. ఉద్యోగాలు, జీతం, కోటు, అన్నీ దాని తాలూకు అప్పు. చివరికి సాక్ష్యం రాసి చేతికిస్తారు, కంఠతా పట్టమంటారు. తీరా చూస్తే ఆ కాగితాల్లో కోర్టు తీర్పు కూడా ఉంటుంది, విచారణ మొదలవకముందే.

రీలుపెట్టె:
ఆ దానియెల్ పాత్ర వేసింది ఎవరో తెలుసా? ఫాబ్రి జోల్తాన్. పైన రామం గారు చెప్పిన దర్శకుడే. బాచో ఎవరి దగ్గర రాస్తూ పేరు తెచ్చుకున్నాడో ఆయన్నే తెచ్చి, అన్యాయంగా బోనెక్కే మంత్రిగా నిలబెట్టాడు. పెలికాన్‌గా కాల్లాయి ఫెరెన్త్స్, విరాగ్‌గా ఓజే లాయోష్. ఓజే ఆ పాత్రని ఎంత నెమ్మదిగా, ఎంత మర్యాదగా చేశాడో, ఒక్కసారి గొంతు పెంచకుండా భయపెడతాడు. 'జీవితం క్రీం కేకు కాదు పెలికాన్' అని ఆయన చెప్తుంటే ఓదార్పో బెదిరింపో తెలీదు.

వాదన_వీరుడు:
అందరూ పొగుడుతున్నారు కాబట్టి నేను అడ్డం తిరుగుతా. 1950 నుంచి ఈయన పని చేసింది ఎవరి దగ్గర? ప్రభుత్వ స్టూడియోలో. రాకోషి కాలంలో స్క్రిప్టు డిపార్ట్‌మెంట్ అంటే ఏం పని చేస్తుందో చెప్పక్కర్లేదు, ఏ సినిమాలో కార్మికుడు ఎంత సంతోషంగా ఉండాలో తేల్చే చోటు. అందులో కూర్చుని జీతం తీసుకుని, రాకోషి గద్దె దిగిపోయాక పదమూడేళ్ళకి ఆయన మీద కామెడీ తీయడం పెద్ద ధైర్యమా? చచ్చిన పామునే కొట్టాడు.

డైలాగ్_రామం:
నాకు సరిగ్గా ఇక్కడే ఈయన మీద గౌరవం. ఆ డిపార్ట్‌మెంట్‌లో కూర్చున్నవాడికే ఆ భాష తెలుస్తుంది. విరాగ్ మాట్లాడే తీరు చూడండి, ఒక్క వాక్యం కూడా అబద్ధంలా ఉండదు, అన్నీ సలహాలు. రాసిన సాక్ష్యాన్ని పెలికాన్ చేత రిహార్సల్ చేయించడం అంటే ఏంటి, నటుడి చేత డైలాగు చెప్పించడమే! రాజకీయ విచారణని స్క్రిప్టు పనిగా చూపించాలని ఒక స్క్రిప్టు రైటర్‌కి తప్ప ఇంకెవరికి తడుతుంది? బయటినుంచి తిట్టేవాడు ఇంకేదో క్రూరుడి బొమ్మ గీసేవాడు. ఈయన కాగితం మీద దిద్దుబాట్లు చూపించాడు.

దునా_గట్టు:
వీరుడు గారూ, పాము చచ్చిందని ఎవరన్నారు? కొంచెం చరిత్ర. ఈ కథ వెనకున్నది రాయ్క్ లాస్లో కేసు. మాజీ హోంమంత్రి, 1949 మేలో అరెస్టు, సెప్టెంబర్లో విచారణ, అక్టోబర్ 15న ఉరి. ఆ విచారణ మొత్తాన్ని పుస్తకంగా అచ్చేసి పలు భాషల్లో పంచారు. 1956లో నిర్దోషి అని మళ్ళీ ఘనంగా సమాధి చేశారు, అది అక్టోబర్ 6, సోవియట్ పెత్తనం మీద హంగరీ జనం చేసిన తిరుగుబాటుకి పదిహేడు రోజుల ముందు.

ఇప్పుడు చెప్పండి, రాయ్క్ అరెస్టప్పుడు హోంమంత్రి ఎవరు? కాదార్ యానోష్. నేరం ఒప్పుకోమని జైలుకెళ్ళి రాయ్క్‌తో మాట్లాడింది ఆయనే. తర్వాత 1951లో ఆయన్నే అరెస్టు చేసి 1954 దాకా లోపలేశారు. 1969లో 'సాక్షి' తయారయ్యేనాటికి దేశానికి పెద్ద ఎవరు? అదే కాదార్. పాత స్నేహితుణ్ణి ఇరికించమని ఒకణ్ణి మెల్లగా ఒప్పించే కథ ఆయన కళ్ళముందు నడిస్తే ఎలా ఉంటుంది?

వాదన_వీరుడు:
సరే, ఇది గట్టి పాయింటే. అయితే మరి అసలు తీయనిచ్చింది ఎవరు? డబ్బులిచ్చింది ప్రభుత్వమేగా. ఇచ్చినవాళ్ళకి స్క్రిప్టు చదవడం రాదా?

నల్లకుంట_నైట్‌షో:
అది ఆ రెండు మూడేళ్ళ గాలి. 1968 జనవరిలో ఆర్థిక సంస్కరణలు మొదలయ్యాయి, అంతటా కాస్త సడలింపు. అదే ఏడు ఆగస్టులో ప్రాగ్‌లోకి సోవియట్ ట్యాంకులు, వాటితో పాటు హంగరీ సైన్యం కూడా వెళ్ళింది. గాలి తిరిగింది. సినిమా చేతికొచ్చేసరికి దానికి ఓకే చెప్పినవాళ్ళకే టెన్షన్. సాంస్కృతిక వ్యవహారాలన్నీ అత్సేల్ గ్యోర్గ్య్ చేతిలో ఉండేవి, ప్రతి కళాకృతికీ మూడు గదులు, ప్రోత్సహించేవి, చూసీచూడనట్టు వదిలేసేవి, నిషేధించేవి. ఏది ఏ గదిలోకి పోతుందో రాసిపెట్టిన రూలు ఉండేది కాదు, అదే ఆ పద్ధతిలో కిటుకు. రూలుంటే రచయిత దాని చుట్టూ తిరుగుతాడు. రూలు లేకపోతే తన చేత్తో తనే కొట్టేసుకుంటాడు.

కోటిపల్లి_రేవు:
మన దగ్గర 'కిస్సా కుర్సీ కా' గుర్తొచ్చింది. ఎమర్జెన్సీలో ప్రింట్లు, నెగెటివ్ తగలబెట్టేశారు, అమృత్ నహతా 1978లో మళ్ళీ తీయాల్సొచ్చింది. వాళ్ళు తగలబెట్టకుండా పెట్టెలో పెట్టి తాళం వేశారు. పద్ధతిగల దేశం 😄

దునా_గట్టు:
తాళం వేసినా లోపల్లోపల వేసుకుని చూసేవాళ్ళు అని ఇక్కడ పెద్దవాళ్ళు చెప్తారు. పార్టీ మనుషులకి మూసిన గదిలో షోలు. జనం చూడకూడదు, వాళ్ళు మాత్రం కడుపుబ్బ నవ్వుకోవచ్చు. ఈ మాట నేను విన్నదే, చదివింది కాదు.

రీలుపెట్టె:
1979లో విడుదలైంది, 1981లో కాన్స్ ఫెస్టివల్‌లో 'అన్ సర్టన్ రిగార్డ్' విభాగంలో వేశారు. అదే ఏడు అదే కాన్స్‌లో సాబో 'మెఫిస్టో'కి స్క్రీన్‌ప్లే బహుమతి. అదే ఏడు పైన అనుకున్న హాలీవుడ్ ఫుట్‌బాల్ సినిమా. బాచో కోణంలో చూడండి: ఇరవై ఏళ్ళ కిందట తను రాసిన కథకి హాలీవుడ్ రూపం, పన్నెండేళ్ళ కిందట తీసిన సినిమాకి పిలుపు, మధ్యలో తీసినవాటి గురించి ఎవరూ అడగలేదు. మరి ఆ మధ్యలో ఏం తీశాడు అన్నదే నాకు అసలు విషయం. ఊరికే కూర్చోలేదు మనిషి. 1971, 72, 73, 75, 76, 77, 79, వరసగా సినిమాలే.

అమ్ములు_చూసింది:
వాటిలో ఫ్యాక్టరీ సినిమాలు మూడున్నాయి కదా, 'కితోరేష్', 'యెలెన్ ఇదో', 'హర్మదిక్ నెకిఫుతాష్'. మూడోది నాకు బాగా నచ్చింది. కూలీగా మొదలై ఫ్యాక్టరీ డైరెక్టర్ అయినవాడు ఆ కుర్చీ వదిలేసి మళ్ళీ వెల్డింగ్ పనిలోకి పోతాడు, కానీ అక్కడ ఎవరూ ఇతన్ని తమవాడిగా చూడరు. పైకెళ్ళినవాడు కిందకి రాలేడు. 'సాక్షి' చూశాక ఇది చూస్తే అదే కథ తిరగేసినట్టుంటుంది. అక్కడ చేతగానివాణ్ణి బలవంతంగా డైరెక్టర్ని చేస్తారు, ఇక్కడ డైరెక్టర్ తనంతట తనే దిగిపోతానంటాడు. రెండు చోట్లా కుర్చీ మనిషిని పాడుచేసి వదుల్తుంది. ఇందులో నవ్వు లేదు కాబట్టి ఎవరూ మాట్లాడరేమో.

నల్లకుంట_నైట్‌షో:
అమ్ములు గారూ, మీరు చెప్పినంత గొప్పగా అనిపించలేదు నాకు. మంచి విషయం, చప్ప సినిమా. సీన్లన్నీ మీటింగులు. 76లో వచ్చిన పియానో కామెడీ కూడా అంతే, ఐడియా పేజీ మీద బ్రహ్మాండం, తెర మీద అరగంటకి అలసట. ఈయన బోలెడు సినిమాలు తీశాడు, ఎక్కువ భాగం మామూలువే అని హంగరీ వాళ్ళే అంటారు. నేను అనేది అదే, ఒక్క సినిమా దర్శకుడు.

అమ్ములు_చూసింది:
ఒక్క సినిమా?? 1983లో తీసిన 'తె రొంగ్యోష్ ఎలెత్' చూశారా మీరు? అంటే 'ఓ దిక్కుమాలిన బతుకా' లాంటి తిట్టు. 1951లో బుడాపెస్ట్ నుంచి 'వర్గ శత్రువులు' అని వేలమందిని ఇళ్ళల్లోంచి లేపి పల్లెటూళ్ళకి పంపేశారు, రాత్రికి రాత్రి కాగితం చేతిలో పెట్టి. ఆ లిస్టులో ఓ ఆపరెట్టా (పాటల నాటకాల) నటి, పాపం ఒకప్పుడు ఓ కౌంట్‌ని, అంటే జమీందారు లాంటివాణ్ణి, పెళ్ళి చేసుకున్నందుకు. ఉద్వరోష్ దొరోత్య ఆ పాత్ర వేసింది. పొలంలో పని చేస్తూ, పోలీసుల్ని బుట్టలో వేసుకుంటూ, స్టేజీ కోసం ఆరాటపడుతూ, ఏడిపిస్తుంది నవ్విస్తుంది. ఇందులో కెమెరా కూడా ఆమె మొహాన్ని వదలదు. మాటలే అన్నవాళ్ళు ఇది చూసి మాట్లాడాలి. పైగా పెలికాన్‌కి ఎప్పుడూ ఏం జరుగుతోందో తెలీదు, ఈమెకి అన్నీ తెలుసు. అందుకే నాకు ఇదే ఇష్టం.

డైలాగ్_రామం:
+1. మగ హీరో అమాయకుడైతే క్లాసిక్, ఆడ హీరో తెలివైనదైతే 'అది కూడా బాగుంది'. మన విమర్శకులకి కూడా ఉన్న జబ్బే.

వాదన_వీరుడు:
80లలో ఆయన దియాలోగ్ అనే స్టూడియోకి అధిపతి కూడా అయ్యాడు కదా. నిషేధానికి గురైనవాడే స్క్రిప్టులకి ఓకే చెప్పే కుర్చీలో. తర్వాత ప్రభుత్వం ఇచ్చే అతిపెద్ద కొషూత్ బహుమతి. ఇది చూస్తే పెలికాన్ గుర్తురావట్లేదా మీకెవరికీ? జైలు, ఉద్యోగం, జైలు, ఉద్యోగం.

రీలుపెట్టె:
గుర్తొచ్చింది, కానీ మీరు అన్నట్టు తిట్టుగా కాదు. కాదార్ హంగరీలో సినిమా తీయాలంటే వేరే చోటు లేదు, నిర్మాత ఒక్కడే, ప్రభుత్వం. దేశం వదిలిపోయినవాళ్ళున్నారు, ఆయనకి మొదటి పని ఇచ్చిన రద్వాని కూడా బయటికెళ్ళి సినిమాలు తీసుకున్నాడు. ఈయన ఉండిపోయాడు. ఉండిపోయినవాడు బేరాలాడక తప్పదు. 'సాక్షి'లో కూడా కోతలకి, మార్పులకి ఒప్పుకున్నాడు, లేకపోతే 79లో కూడా వచ్చేది కాదు. కోతలు లేని అసలు రూపం బాగుచేసి 2019లో కాన్స్ క్లాసిక్స్‌లో వేశారు. అప్పటికి ఆయన పోయి పదేళ్ళు, 2009 మార్చిలో పోయాడు. తన సినిమాని తను అనుకున్నట్టు జనం మధ్యలో కూర్చుని చూడలేదు. నాకు ఆయన మీద కోపం రాదు, ఆ బేరం మీద వస్తుంది.

కోటిపల్లి_రేవు:
రాత్రి చూసేశానండోయ్, సబ్‌టైటిల్స్‌తో. దెయ్యాల రైలు దగ్గర పడీ పడీ నవ్వా, అమ్యూజ్‌మెంట్ పార్కులో దెయ్యాల రైలుని కూడా సోషలిస్టు దెయ్యాల రైలు చేయాలట! కానీ చివర్లో ట్రామ్ సీను నచ్చలేదు. అంత జరిగాక పెలికాన్, విరాగ్ ట్రామ్ దగ్గర ఎదురుపడి రెండు మాటలనుకుని పోవడం ఏంటి? తీర్పు కాగితం సీను దగ్గరే గుండె ఆగినంత పనైంది, అక్కడే ఏదో ఒకటి తేల్చేస్తే పోయేది.

డైలాగ్_రామం:
నాకు ట్రామే ఇష్టం. పెద్ద కారుల్లో తిరిగిన విరాగ్ ట్రామ్‌కి వేలాడుతూ పోతున్నాడు, ఒప్పుకుంటారా? కానీ పోలేదు, ఊళ్ళోనే ఉన్నాడు, మీ పక్కనే ఉన్నాడు. ఎవరూ శిక్షించలేదు. కాదార్ కాలంలో చూసేవాడికి అది మెత్తని ముగింపు కాదు.

అమ్ములు_చూసింది:
1995 ప్రాంతంలో రెండో భాగం కూడా తీశాడట, 'మెగింత్ తాను'. చూడొచ్చా?

నల్లకుంట_నైట్‌షో:
వద్దు. కాల్లాయి ఉన్నాడు గానీ ఓజే లాయోష్ 1984లోనే పోయాడు. విరాగ్ లేని పెలికాన్ అంటే ఎదురుగా ఎవరూ లేని మనిషి. పైగా ప్రజాస్వామ్యం వచ్చాక ఎవరు ఎవరినైనా ఏమైనా తిట్టొచ్చు, ఈయన హాస్యానికి అడ్డు కావాలి, అడ్డు పోయేసరికి గురి తప్పింది. అదే 1988లో నియంత, అతని డూప్‌ల మీద తీసిన 'తితానియా' చూడండి, అందులో ఇంకా ఆ బిగి ఉంది. (చూశారా, నేనే ఇంకో సినిమా సిఫార్సు చేస్తున్నా. ఒక్క సినిమా దర్శకుడు అన్నమాట మాత్రం వెనక్కి తీసుకోను.)

దునా_గట్టు:
చివరి దశలో 2001లో కరాది కతలిన్ మీద తీసింది కూడా ఇక్కడ బాగానే గుర్తుంది జనానికి. 40ల నాటి పెద్ద సినిమా తార, గాయని, ఆమెని గెస్టపో, అంటే నాజీల రహస్య పోలీసులు, చిత్రహింసలు పెట్టారు, తర్వాత కమ్యూనిస్టులు పక్కన పెట్టేశారు, దేశం వదిలిపోయింది. మళ్ళీ అదే బాచో కథ, పైవాళ్ళు మారతారు, కిందవాళ్ళకి మాత్రం ఎప్పుడూ ఏదో ఒక కాగితం వస్తుంది. 2008లో కూడా ఓ సినిమా విడుదలైంది ఆయనది, అప్పటికి ఎనభై ఏళ్ళు.

వాదన_వీరుడు:
సరే, ఎక్కడ మొదలుపెట్టాలో ఎవరైనా ఒక వరస చెప్పండి, చూసొచ్చి మళ్ళీ గొడవ పెట్టుకుంటా.

రీలుపెట్టె:
ముందు ఫాబ్రి ఫుట్‌బాల్ సినిమా, రచయితగా ఏం చేయగలడో తెలుస్తుంది. తర్వాత 'సాక్షి', దొరికితే 2019లో బాగుచేసిన ప్రింటు, పాతదాంట్లో కోతలుంటాయి. ఆ తర్వాత అమ్ములు గారి నటి సినిమా. ఫ్యాక్టరీవి ఓపిక ఉంటేనే. సబ్‌టైటిల్స్ విషయంలో జాగ్రత్త, కొన్నింటిలో విరాగ్ మర్యాద మాటలన్నీ మామూలు ఆర్డర్లుగా మార్చేశారు, సగం భయం పోతుంది.

కోటిపల్లి_రేవు:
ఆ మంచి సబ్‌టైటిల్స్ ఎక్కడ దొరుకుతాయో చెప్పరూ, నేను చూసింది ఆ రెండో రకమే అనుకుంటా. మళ్ళీ చూస్తా.